ఖాళీ డబ్బా, పగిలిన రంజన్



మా అమ్మ బియ్యం చెరగడానికి కూర్చుంటే చాలు, వాకిట్లో పిట్టలు దిగేవి. మాది గూన పెంకల ఇల్లు. ముందర సాన్పి చల్లిన వాకిలి. గడప పక్కన పీట వేసుకుని అమ్మ చేట ఎగరేస్తుంటే తాలు, తవుడు, నూకలు చేట అంచు దాటి ముందుకు రాలేవి. చేట చప్పుడు మొదలైన నిమిషంలోనే చూరు కింద వాసాల సందుల్లోంచి పిచ్చుకలు ఒక్కొక్కటే కిందికి దూకేవి. అమ్మకు జానెడు దూరంలో మేసేవి. నేను చిన్నపిల్లను కదా, చేతులు ఊపి తరమబోయేదాన్ని. "తిననియ్యి బిడ్డా, మన గింజలేమన్న తరుగుతయా" అనేది అమ్మ, చేట ఆపకుండానే.

అమ్మ వాటిని పిలిచింది లేదు, పోషించాలని అనుకున్నదీ లేదు. ఇంటి పనిలో రాలిందేదో రాలింది, పిట్టలు తిన్నాయి. పెరట్లో గిన్నెలు తోమిన చోట మెతుకులు, బావి గట్టు మీద ఒలికిన నీళ్లు, కల్లంలో ఎగిరిపడ్డ వడ్లు, పశువుల కొట్టంలో దాణా, పేడలో పురుగులు. అన్నీ వాటికి తిండే. పాత ఇల్లు తనకు తెలియకుండానే పిట్టలకు ఇంత ముద్ద పెట్టేది.

ఇప్పుడు నేను కరీంనగర్‌లో ఉంటున్న ఇంట్లోనూ చేట ఉంది. గోడకు మేకు కొట్టి తగిలించాం. దానికి పని లేదు. ఇరవై అయిదు కిలోల సంచిలో బియ్యం వస్తుంది. రాయి, నూక, తవుడు అన్నీ మిల్లులోనే పోతాయి. కప్పేమో స్లాబు. దూలం, వాసం, పెంక సందు ఏవీ లేవు. వాకిలి సిమెంటు. గిన్నెలు తోమిన నీళ్లు గొట్టంలోంచి మోరీలోకి పోతాయి. ఎవరి మీదా కోపం తెచ్చుకోవాల్సిన పని లేదు. పెంకుటిల్లు కురుస్తుందనే కదా స్లాబు వేసుకున్నాం. కాకపోతే తెలియకుండా పెట్టిన ఇల్లు తెలియకుండానే పెట్టడం మానేసింది. ఇక మనమే తెలిసి పెట్టాలి. ఇంట్లో పారేసే డబ్బా, సీసా, పగిలిన కుండ వీటితోనే ఆ పని ఎట్లా చేయవచ్చో, నా చేతులతో చేసి నేర్చుకున్నంత మేరకు ఇవాళ చెబుతాను.

ముందు నీళ్ల సంగతి. గింజ రెండోది.

మన ఎండల గురించి మీకు చెప్పేదేముంది. రామగుండం, మంచిర్యాల, ఆదిలాబాద్, జగిత్యాల పేర్లు మే నెలలో రోజూ వార్తల్లో ఉంటాయి. 45 డిగ్రీలు మనకు కొత్త కాదు. బొగ్గు గనుల దిక్కు, సిమెంటు రోడ్ల దిక్కు ఆ వేడి రాత్రికి కూడా దిగదు. మనిషికైతే చెమట పడుతుంది, చెమట ఆరితే ఒళ్లు చల్లబడుతుంది. పిట్టకు చెమట గ్రంథులే లేవు. అది నోరు తెరిచి రొప్పుతూ, గొంతులోని తేమను ఆవిరి చేసుకుని ఒళ్లు చల్లబరుచుకుంటుంది. మధ్యాహ్నం పూట కాకి ముక్కు తెరుచుకుని, రెక్కలు ఒంటికి ఎడంగా పెట్టుకుని కూర్చోవడం మీరు చూసే ఉంటారు. ఒంట్లో ఉన్న కాసిన్ని నీళ్లను అట్లా ఖర్చు పెడుతూనే ఉంటుంది. తిరిగి నింపుకోవడానికి దొరకకపోతే కొమ్మ మీంచి రాలిపోతుంది. ఆకలిని పిట్ట ఒక పూట ఆపుకుంటుందేమో గానీ మే నెల దూపను ఆపుకోలేదు.

నీళ్లకు ప్లాస్టిక్ వద్దు. ఇది నేను చూసి చెబుతున్న మాట. ప్లాస్టిక్ గిన్నెలో పోసిన నీళ్లు పదకొండు గంటలకల్లా చేయి పెట్టలేనంత వేడెక్కుతాయి. స్టీలు పళ్లెం ఇంకా అన్యాయం, దాని అంచు మీద వాలిన పిట్ట కాలు కాలుతుంది. మట్టిదే కావాలి. మట్టి పాత్ర గోడలోంచి నీళ్లు సన్నగా చెమర్చి, ఆవిరై, లోపలి నీళ్లను చల్లగా ఉంచుతాయి. నీళ్ల కుండను మన ఆదిలాబాద్ దిక్కు రంజన్ అంటాం కదా, ఎండకాలం రాగానే బజారులో వరసగా పేర్చి అమ్ముతారు. ప్రతి ఇంట్లోనూ ఒక రంజన్ ఏదో ఒక ఏడు పగులుతుంది. మెడ దగ్గర పగిలినా, నడుము దగ్గర పగిలినా అడుగు భాగం మాత్రం మిగులుతుంది. దాన్ని పారేయకండి. పగిలిన అంచును గరుకు బండ మీద నీళ్లు చల్లుకుంటూ అరగదీస్తే పావుగంటలో నున్నబడుతుంది. ఇక అది పిట్టల తొట్టి.

లోతు రెండంగుళాలు మించకూడదు. మించితే అడుగున గులకరాళ్లు పరవండి, ఒకటి రెండు రాళ్లు నీళ్ల పైకి తేలి ఉండాలి. పిచ్చుక, పిగిలిపిట్ట లాంటివి ఆ రాయి మీద నిలబడి తాగుతాయి. తేనెటీగలు కూడా వస్తాయి, వాటికి ఆ రాయే రేవు. తొట్టిని నీడలో పెట్టండి. చుట్టూ పది అడుగుల మేర పిల్లి నక్కి కూర్చునే పొద గానీ, పేర్చిన కట్టెలు గానీ ఉండకూడదు. పైన మాత్రం కొమ్మ ఉండాలి. పిట్ట నేరుగా నీళ్ల మీదికి దిగదు. ముందు కొమ్మ మీద వాలి, నాలుగు దిక్కులూ చూసి, అప్పుడు దిగుతుంది. నీళ్లు రోజూ పొద్దున పారబోసి కొత్తవి పోయాలి. పారబోయడం ఎందుకంటే దోమ గుడ్డు పెట్టిన వారం పది రోజుల్లో కొత్త దోమ ఎగురుతుంది. పిట్టలకు నీళ్లు పెట్టబోయి ఇంటిల్లిపాదికీ డెంగ్యూ తెచ్చుకోకూడదు కదా.

ఇదే తొట్టిని అడవిలో పెద్దదిగా కడతారు. జన్నారం దగ్గరి కవ్వాల్ అడవి 1965లో అభయారణ్యం, 2012లో పులుల రిజర్వు అయింది. అక్కడ ఎండకాలం వాగులు ఎండినప్పుడు అటవీ శాఖ వాళ్లు సాసర్ పిట్లలో ట్యాంకర్లతో నీళ్లు నింపుతారు. సాసర్ అంటే కప్పు కింద పెట్టుకునే సాసరే. అదే ఆకారంలో నేలలోకి పల్లంగా కట్టిన తొట్టి. అంచులు నిటారుగా ఉండవు, కాబట్టి జింక పిల్ల జారి పడినా నడిచి బయటికి రాగలదు. పడ్డ ప్రాణి బయటికి రాగలదా అన్న ప్రశ్న మన డాబా మీది తొట్టికీ వర్తిస్తుంది. బకెట్లో నిండుగా నీళ్లు పోసి పిట్టల కోసమని పెట్టేవాళ్లను చూశాను. అందులో పడ్డ ఉడుత పిల్ల ఎక్కి రాలేదు. బకెట్టే పెట్టాలనుకుంటే ఒక కట్టె వాలుగా వేసి ఉంచండి, కాలు పెట్టుకోవడానికి.

ఇక గింజల డబ్బా.

అయిదు లీటర్ల నూనె డబ్బా తీసుకోండి, ప్రతి ఇంట్లోనూ దొరుకుతుంది. ముందు జిడ్డు వదిలించాలి. చాలామంది తొందరపడేది ఇక్కడే. వేడి నీళ్లు, కుంకుడు రసం పోసి బాగా గిలకొట్టి, రెండు మూడుసార్లు కడగండి. లోపల వేలు పెట్టి రాస్తే జారకుండా కిర్రుమనాలి. అప్పటిదాకా కడగాల్సిందే. పిట్ట ఈకల మధ్య నిలిచే గాలే దానికి దుప్పటి. వాన నీళ్లు ఒంటికి తగలకుండా ఆపేదీ ఆ ఈకలే. నూనె అంటిందంటే ఈకలు అతుక్కుపోతాయి, పుష్యమాసపు చలిలో దాని దుప్పటి పోయినట్టే. మన ఆదిలాబాద్ చలి ఎంతటిదో మీకు తెలుసు.

డబ్బాకు ఎదురెదురుగా రెండు కిటికీలు కోయండి. అడుగు నుంచి రెండంగుళాలు వదిలి, అక్కడి నుంచి పైకి అరచేయంత కిటికీ. ఒక్కటి సరిపోదా అని మా పక్కింటి పాప అడిగింది. పిల్లి గానీ, డేగ గానీ ఒకవైపు నుంచి వస్తే పిట్ట రెండోవైపు నుంచి ఎగిరిపోవాలి, లేకపోతే అన్నం పెట్టిన డబ్బానే బోను అవుతుంది. కిటికీని పై అంచు వదిలి మిగతా మూడువైపులే కోసి, ఆ ముక్కను బయటికి వంచితే చిన్న చూరు అవుతుంది, జల్లు లోపలికి కొట్టదు. కోసిన అంచు బ్లేడులా ఉంటుంది. పంక్చర్ షాపులో పాత సైకిల్ ట్యూబు ముక్క అడిగితే ఇస్తారు. దాన్ని నిలువునా చీల్చి అంచుకు తొడగండి. దబ్బనం తెలుసు కదా, గోనె సంచులు కుట్టేది, దాన్ని పొయ్యి మీద ఎర్రగా కాల్చి అడుగున ఏడెనిమిది బెజ్జాలు పెట్టండి. సజ్జ గింజ జారనంత సన్నగా ఉండాలి. పడ్డ నీళ్లు అక్కడి నుంచి దిగిపోతాయి. పిట్ట నిలబడడానికి కిటికీ కింద ఒక పుల్ల గుచ్చాలి. చిటికెన వేలంత కంది కట్టె గానీ, వేప పుల్ల గానీ చాలు. మన దిక్కు ప్రతి చేను గట్టు మీద పత్తి కట్టె కుప్పలుగా ఉంటుంది. కానీ పంటకాలమంతా మందు కొట్టిన కట్టెను పిట్ట ముక్కు ఆనే చోట పెట్టడానికి నా మనసు ఒప్పదు.

వేలాడదీయడం గురించి ఒక మాట చెప్పాలి, ఇది చెప్పడానికి నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది. నేను మొదట కట్టిన డబ్బాకు నైలాన్ దారం వాడాను. గట్టిగా ఉంటుంది, వానకు కుళ్లదు అనుకున్నాను. నెల తిరిగేసరికి ముడి దగ్గర పోగులు విడిపోయాయి. నేను చూసుకోలేదు. ఒకరోజు పొద్దున డబ్బా కింద ఒక ఆడ పిచ్చుక తలకిందులుగా కొట్టుకుంటోంది. పోగు కాలికి మూడు చుట్లు చుట్టుకుంది. ఎంత గింజుకుంటే అంత బిగుసుకుంది. కుట్టు కత్తెర తెచ్చి ఒక్కొక్క పోగూ తెంపేసరికి నా చేతులు వణికాయి. పిట్ట గుండె నా అరచేతిలో ఎంత వేగంగా కొట్టుకుందో మాటల్లో చెప్పలేను. కాలు వాచి నల్లబడింది. వదలగానే ఎగిరిపోయింది. మళ్లీ వచ్చిన పిచ్చుకల్లో కుంటిది కనిపించలేదు. అప్పటి నుంచి సుతిలి తాడే వాడుతున్నాను. రెండు మూడు నెలలకు కుళ్లిపోతుంది, మార్చుకుంటాను. పాత నూలు చీర అంచు పేనినా బాగుంటుంది. గాలిపటాలకు కట్టే నైలాన్ మాంజాను జాతీయ హరిత ట్రిబ్యునల్ 2017లో నిషేధించింది. అయినా సంక్రాంతి పోయాక మీ వేపచెట్టుకు ఎంత దారం చిక్కుకుని ఉందో ఒకసారి తల ఎత్తి చూడండి. కర్రతో అందినంత మేరకు తీసేయండి.

చీమలు వస్తాయి. తాడుకు గ్రీజు పూయమని కొందరు చెబుతారు, వద్దు, నూనె సంగతి ఇందాకే చెప్పాను. కొబ్బరి చిప్ప తీసుకుని నడిమధ్య బెజ్జం పెట్టి, డబ్బా తాడును అందులోంచి పోనిచ్చి, బెజ్జాన్ని కరిగించిన మైనంతో మూసేయండి. చిప్ప బోర్లా కాకుండా వెల్లకిలా ఉండాలి. అందులో నాలుగు చెంచాల నీళ్లు పోస్తే చీమకు అది కందకం, దాటి కిందికి రాలేదు. ఆ నీళ్లు కూడా పిచ్చుక తాగిపోతుంది, ఇంకో నాలుగు చెంచాలు పోయండి.

తాగి పారేసే లీటరు సీసాతో ఇంకో పద్ధతి ఉంది. సీసా నిండా గింజలు పోసి, మూతి కిందికి వచ్చేటట్టు ఒక పళ్లెం మీద అరంగుళం ఎత్తులో బోర్లించి కట్టాలి. గింజలు జారి, మూతి చుట్టూ చిన్న కుప్ప పడి, ఆ కుప్పే మూతికి అడ్డమై ఆగిపోతాయి. పిట్టలు తిన్నకొద్దీ మళ్లీ అంత జారుతాయి. రోజువారీ నీళ్లకు మట్టి తొట్టే మేలు గానీ, నీడలో పెడితే నీళ్లకూ ఇదే పద్ధతి పనికొస్తుంది, కాకపోతే నీళ్లను ఆపేది గాలి. పళ్లెంలో నీళ్లు సీసా మూతిని ముంచేదాకా దిగుతాయి. మూతి మునగగానే లోపలికి గాలి పోదు, నీళ్లు ఆగుతాయి. కోళ్ల షెడ్లలో పిల్లలకు నీళ్లు పెట్టేది ఇట్లాగే. రెండు మూడు రోజులు ఊరికి పోవాల్సి వచ్చినప్పుడు ఈ సీసా పనికొస్తుంది. బడిపిల్లలున్న ఇంట్లో దీన్ని తప్పకుండా చేయించండి. నేను ముప్పై ఏళ్లు సైన్సు పాఠాలు చెప్పాను, గాలి ఒత్తిడి పాఠం పిల్లలకు నల్లబల్ల మీద కంటే ఈ సీసా దగ్గర తొందరగా అర్థమవుతుంది.

ఏం పెట్టాలి? సజ్జలు, కొర్రలు, తైదలు, నూకలు, విరిగిన జొన్నలు. మక్కలైతే రోట్లో రెండు దెబ్బలు వేసి పలుకులు చేయండి. చిలుకలకు పొద్దుతిరుగుడు గింజలు ఇష్టం. పిగిలిపిట్టకు, గోరింకకు జామపండు ముక్కో, బొప్పాయి ముక్కో చాలు. ఉప్పు, మసాలా, నూనె తగిలినదేదీ వద్దు. రాత్రి మిగిలిన బిర్యానీ, కారప్పూస, చిప్స్ ఇవి ప్రేమతో పెట్టినా వాటికి కీడే. బ్రెడ్డు కడుపు నింపుతుంది గానీ బలం ఇవ్వదు. ఇంట్లో ఉన్న రోజుల్లో ఒకసారికి గుప్పెడు, సాయంత్రానికి అయిపోయేటంత మాత్రమే పెట్టండి. వానకాలం ఇంకా తగ్గించండి. తడిసిన గింజ రెండు రోజుల్లో బూజు పడుతుంది, ఆ బూజు పిట్టను చంపుతుంది.

డబ్బా, సీసా ఏదీ లేకుండా మన పెద్దవాళ్లు కట్టింది ఒకటుంది, వరి కంకుల కుచ్చు. కోతలప్పుడు కంకులను కాడలతో సహా కోసి, జడలాగా అల్లి, చూరుకో గుడి మండపానికో వేలాడదీసేవాళ్లు. ఇప్పుడు కోత మిషన్లు వచ్చాయి, కుచ్చులు కట్టేదెక్కడ అంటారు. మొన్న యాసంగిలో మానేరు కాలువ కింద ఒక పొలం దగ్గర నిలబడి చూశాను. మిషన్ మడి మూలల్లోకి తిరగలేదు. అందుకని అది దిగకముందే రైతు కొడవలి పట్టుకుని నాలుగు మూలలూ చేత్తో కోసి పెడుతున్నాడు. "అన్నా, ఆ మూల పన ఒకటి నాకిస్తవా, పిట్టలకు" అన్నాను. "తీస్కపో అక్కా, గింతదానికి అడుగుడేంది" అన్నాడు. ఇంటికి తెచ్చి, కాడలు విరగకుండా గంటసేపు నీళ్లు చిలకరించి మెత్తబరిచి, మూడు పాయలుగా చేసి అల్లాను. మొదటి వరస వంకరగా వచ్చింది, విప్పి మళ్లీ అల్లాను. పైన ముడి, కింద కంకుల గుత్తి. వరండాలో కొక్కేనికి కట్టాను. పిచ్చుక కంకికి వేలాడి, ఒక్కో వడ్లగింజనూ ముక్కున అటూ ఇటూ దొర్లించి, పొట్టు కింద పడేసి, లోపలి బియ్యాన్ని మింగుతుంది. అది మా అమ్మ చేట కంటే సన్నటి పనితనం. పల్లెల్లో ఉన్న శ్రోతలకు నా విన్నపం ఒక్కటే, మీ మడి మూలలో ఒక్క పన పట్నంలో ఉన్న మీ చుట్టాల ఇంటికి పంపండి.

మార్చి 20న ప్రపంచ పిచ్చుకల దినం జరుపుకుంటున్నాం. 2010లో మొదలైన ఈ దినం వెనుక నాసిక్‌కు చెందిన మహమ్మద్ దిలావర్ కృషి ఉంది. పిచ్చుకలకు గూటి పెట్టెలు, మేత పెట్టెలు జనానికి అందించిన మనిషి ఆయన. నాసిక్ దగ్గర పుట్టిన గోదావరే బాసర దగ్గర మన నేలలోకి వస్తుంది కదా, ఆ మాట తలుచుకుంటే నాకు ఆయన పరాయివాడు అనిపించడు. గూటి పెట్టె పెట్టదలిస్తే చెప్పుల అట్టపెట్టె అయినా సరే, పాత గురిగి అయినా సరే. బెజ్జం అంగుళం పావు ఉండాలి. అంతకంటే పెద్దదైతే గోరింక ఆక్రమిస్తుంది. మనిషికి అందని ఎత్తులో, ఎండ తగలని గోడకు కట్టండి. ఫ్యాను తిరిగే గదిలో మాత్రం వద్దు.

గింజ పెడితే పిచ్చుకలు పెరుగుతాయి అనుకుంటే సగమే నిజం. పెద్ద పిచ్చుక గింజ తింటుంది. గుడ్డులోంచి అప్పుడే వచ్చిన పిల్లకు మాత్రం పురుగులు కావాలి, మెత్తటి గొంగళిపురుగులు, పేనుబంక, చిన్న మిడతలు. తల్లీతండ్రీ రోజంతా తిరిగి అవే తెచ్చి నోట్లో పెడతాయి. 1958లో చైనాలో పిచ్చుకలు ధాన్యం తినేస్తున్నాయని దేశమంతా పళ్లేలు మోగించి, వాలనీయకుండా తరిమి చంపారు. పురుగును తినే పిట్ట పోయేసరికి పురుగు పంట మీద పడింది. ఆ తరవాతి ఘోరమైన కరువుకు అదీ ఒక కారణం. 1960లో పిచ్చుకను చంపాల్సిన వాటి జాబితాలోంచి తీసేశారు. మన రాష్ట్ర పక్షి పాలపిట్ట కూడా మీ డబ్బా దగ్గరికి ఎప్పటికీ రాదు, దానికి గింజ పనికిరాదు. దసరానాడు దాన్ని చూడాలని ఊరి బయటికి పోయేవాళ్లం, మన చేలల్లో పురుగు లేకుండా చేస్తే అది ఎక్కడుంటుంది? అందుకే డబ్బా కట్టిన ఇంట్లో ఒక్క మూలనైనా మందు కొట్టని మొక్కలు ఉండాలి. గోరింటాకు చెట్టు, కరివేపాకు, చిక్కుడు పందిరి ఏదైనా సరే.

కడగడం గురించి నేను గట్టిగా చెప్పాలి. వారానికి ఒకసారి డబ్బా దించి, పొట్టు, రెట్ట దులిపి, వేడి నీళ్లతో కడిగి, ఎండలో పూర్తిగా ఆరబెట్టి అప్పుడే గింజలు పోయండి. బ్రిటన్‌లో తోటల్లో పిట్టలకు మేత పెట్టడం ఇంటింటి అలవాటు. అక్కడ 2005 నుంచి ట్రైకోమోనాస్ అనే పరాన్నజీవి గ్రీన్‌ఫించ్ పిట్టల గొంతుల్లో పుండ్లు పుట్టించి లక్షల్లో చంపింది. జబ్బు పిట్ట ఉమ్మిన గింజను మంచి పిట్ట తినడం, అదే తొట్టిలో అన్నీ తాగడం ద్వారా ఆ రోగం పాకింది. ప్రేమగా పెట్టిన చోటే అంటుకుంది. పావురాలను మాత్రం గుంపులుగా మేపకండి. ఒక్కచోట వందలు చేరితే ఎండిన రెట్ట పొడి గాలిలో కలిసి, పీల్చినవాళ్ల ఊపిరితిత్తులు దెబ్బతింటాయని డాక్టర్లు చెబుతూనే ఉన్నారు.

పెట్టిన మేతలో ఏముందో చూసుకోకపోతే ఏమవుతుందో మన ఆదిలాబాద్ అడవికి తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు. ఊరి బయట పశువు చనిపోతే ఒకప్పుడు రాబందులు దిగి రెండు మూడు గంటల్లో ఎముకలు మిగిల్చేవి. అదీ మనకు తెలియకుండా మన ఊరు పెట్టిన మేతే. 1990ల నుంచి ఆ రాబందులు నూటికి తొంభై అయిదుకు పైగా మాయమయ్యాయి. కారణం 2004లో తేలింది. పశువుల నొప్పులకు ఇచ్చే డైక్లోఫెనాక్ మందు. ఆ మందు పడ్డ పశువు మాంసం తింటే రాబందు మూత్రపిండాలు చెడి రోజుల్లో చనిపోతుంది. 2006లో పశువైద్యంలో ఆ మందును మన దేశం నిషేధించింది. దాని బదులు వాడే మెలాక్సికామ్ రాబందులకు హాని చేయదని పరీక్షించి తేల్చారు. 2023లో కీటోప్రొఫెన్, ఎసిక్లోఫెనాక్ కూడా పశువులకు వాడొద్దన్నారు. అంత నాశనం తరవాత 2013లో మన పెంచికలపేట అడవుల్లో, పెద్దవాగు పక్కన పాలరాపు గుట్ట కొండచరియలో పొడుగు ముక్కు రాబందుల గూళ్లు కనిపించాయి. నాకు ఆ వార్త ఒక పండుగ. ప్రాణహిత అవతలి ఒడ్డున గడ్చిరోలిలో రాబందుల కోసం కళేబరాలు వేసే చోట్లు ఏర్పాటు చేశారు. నేపాల్‌లోని పిఠౌలీ దగ్గర 2006 నుంచి ముసలి ఆవులను సాకి, అవి సహజంగా పోయాక మందు అంశ లేని మాంసాన్నే రాబందులకు వేస్తున్నారు. పశువులున్న శ్రోతలు డాక్టర్ దగ్గర మందు తీసుకునేటప్పుడు ఒక్క మాట అడగండి, ఇది రాబందులకు కీడు చేసేదా అని. మన డాబా మీది డబ్బాకు, ఆ గుట్టకు మధ్య దూరం మీరనుకున్నంత లేదు.

ఇంకొక్కటి, కోతులు. నిర్మల్ ఘాట్ దిగుతూ, జన్నారం అడవి దారిలో పోతూ కారు ఆపి అరటిపండ్లు, బిస్కెట్లు విసరడం పుణ్యమనుకుంటున్నాం. ఆ పుణ్యంతోనే అవి అడవిలోని తునికి పండు, మొర్రి పండు వెతకడం మానేసి రోడ్డు మీద కూర్చున్నాయి. లారీల కింద పడుతున్నాయి. రోడ్డు నుంచి ఊళ్లోకి, ఊళ్లోంచి వంటింట్లోకి వచ్చాయి. మక్క చేను వేయడమే మానుకున్న రైతులున్నారు మన జిల్లాల్లో. 2020లో నిర్మల్ దగ్గర చించోలిలో కోతుల సంరక్షణ, పునరావాస కేంద్రం పెట్టి, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్లు చేసి అడవిలో వదలాల్సిన దాకా వచ్చింది. కాబట్టి డబ్బా కట్టండి గానీ, మీ వీధిలో కోతులు తిరుగుతుంటే గింజ డబ్బా వద్దు. నీళ్ల తొట్టి, కంకుల కుచ్చు చాలు. కుచ్చును కూడా ఇనుప జాలీ లోపల, పిచ్చుక దూరేటంత సందుంచి కట్టండి. కోతికి చెట్టు కావాలి. ఊరి బయట గుట్ట మీద రెండు మర్రి కొమ్మలో, రావి మొక్కలో నాటి బతికించితే అదే వాటికి పెట్టినట్టు.

డబ్బా కట్టగానే పిట్టలు వస్తాయని ఎదురుచూడకండి. నేను ఈ ఇంట్లో కట్టినప్పుడు మొదటి రోజు ఎవరూ రాలేదు, రెండో రోజూ రాలేదు. వారం తిరిగేసరికి మా ఇంట్లోవాళ్లు తీసెయ్యమన్నారు. గింజలు రోజూ పారబోసి కొత్తవి పోశాను. తొమ్మిదో రోజు ఒక ఉడుత వచ్చి, తలకిందులుగా వేలాడి, రెండు చేతులతో జొన్న పలుకు పట్టుకుని తిని పోయింది. పదకొండో రోజు పొద్దున కరెంటు తీగ మీద ఒక మగ పిచ్చుక కూర్చుంది. గొంతు కింద నల్లమచ్చ. తీగ మీంచి జామ కొమ్మకు, కొమ్మ మీంచి గోడకు, గోడ మీంచి మళ్లీ తీగకు పోయింది. నేను కిటికీ వెనుక ఊపిరి బిగబట్టి నిలబడ్డాను. పావుగంట చూసి చూసి కంది కట్టె మీద వాలింది. ఒక గింజ తీసుకుంది. తినలేదు, ముందు అరిచింది, చిర్రు చిర్రుమని, ఎవరినో పిలిచినట్టు. ఎదురింటి సన్‌షేడ్ కిందనుంచి ఆడది వచ్చి పక్కన వాలింది.

ఇప్పుడు పొద్దున ఆరింటికి పద్నాలుగు వస్తున్నాయి, లెక్కపెడతాను. ఇవాళ మీతో మాట్లాడడానికి ఇక్కడికి వచ్చే తొందరలో రంజన్ అడుగులో సగమే నీళ్లు పోసి వచ్చాను. ఈ ఎండకు అవి ఈపాటికే అయిపోయి ఉంటాయి. బయట జామ కొమ్మ మీద అవి నోళ్లు తెరుచుకుని కూర్చుని ఉంటాయి. నేను పోయి పోయాలి.